పదకొండు గంట్ల కొలకర్ర

ఎటోబికో,
2023 అక్టోబరు 16.

ప్రభువునందు కుమార్తె ఫేబీకి,

దొంగల ఓడకు మేకు కొట్టిన చెయ్యి ప్రభువు బల్ల దగ్గర రొట్టె ఎలా పట్టుకుంటుంది? ముందు ఈ ఒక్క ప్రశ్నకు జవాబు రాయి.

ఫోన్ చేస్తే రెండో మాటకే కట్ చేస్తున్నావు. సరే. పౌలు గారు కూడా ఫోన్ చేయలేదు, పత్రికలు రాశారు. రోమాకు ఆ పత్రిక మోసుకెళ్ళిన సహోదరి పేరే మీ నాన్న ఇమ్మాన్యుయేల్ నీకు పెట్టుకున్నాడు. ఉత్తరాన్ని మధ్యలో కట్ చేయలేవు, చించితే తప్ప. చించినా ముక్కలు ఏరి చదువుతావని నాకు తెలుసు, నీది మా వంశపు కుతూహలం.

పియర్సన్ ఎయిర్‌పోర్టులో రెండు సూట్‌కేసులతో దిగిన నిన్ను నా ఇంటికి తీసుకొచ్చాను. ఒషావా కాలేజీలో సప్లయ్ చైన్ కోర్సు అన్నావు, ప్రార్థన చేసి పంపాను. ఏడాది తిరక్కుండా దాన్ని వదిలేసి, న్యూఫౌండ్‌లాండ్ అనే ఆ గాలిదీవికి పోయి, వైకింగుల ఓడ కడుతున్నానంటావు. వైకింగులంటే ఎవరు తల్లీ? మఠాలు దోచినవాళ్ళు. ప్రార్థనలో ఉన్నవాళ్ళను నరికి వెండి గిన్నెలు ఎత్తుకెళ్ళినవాళ్ళు. దేవాలయపు గిన్నెల్లో ద్రాక్షారసం పోసుకొని తాగిన బెల్షస్సరుకు గోడ మీద వేళ్ళు కనబడ్డాయి. నీకు ఇంకా కనబడలేదా?

నిన్న ఆరాధనలో ఇదే బోధించాను. మూడేళ్ళ కిందట మా సహవాసంలో నలభై మందిమి. ఇప్పుడు హాలు పట్టనంత మంది, అందరూ మీ స్టూడెంట్లే, కుర్చీలు చాలక గోడకు ఆనుకొని నిలబడుతున్నారు. వాళ్ళందరి ముందూ నీ పేరు చెప్పాను. దాచను. యోనా నీనెవెకు పొమ్మంటే తర్షీషు ఓడ ఎక్కాడు, నా తమ్ముడి కూతురు ఫేబీ ఒషావాకు పొమ్మంటే దొంగల ఓడ ఎక్కింది అన్నాను. కొందరు ఏడ్చారు.

తిరిగి రా. రేపు అనేది నీ చేతిలో లేదు. నేడే రా.

నీ పెదనాన్న,
ఎలియాజరు

(మీ పెద్దమ్మ రాసేది: గోంగూర పచ్చడి పార్సిల్ చేశాను. ఉత్తరం చదివాకే సీసా మూత తియ్యాలంటున్నారు ఈయన. నువ్వు ముందే తిను. ఏడ్చింది ఇద్దరే, అందులో ఒకడికి జలుబు. — కృపాబాయి)

సెయింట్ ఆంథనీ, న్యూఫౌండ్‌లాండ్,
2023 నవంబరు 4.

పెదనాన్న గారికి వందనాలు.

మీ ప్రశ్నకు జవాబు: రెండు వేళ్ళతో పట్టుకుంటుంది. కాకపోతే రొట్టెకు కొంచెం తారు వాసన వస్తుంది.

కాలేజీ గురించి మీకు ఎప్పుడూ చెప్పలేదు, మీరు బాధపడతారని. ఒక షాపింగ్ ప్లాజా మేడ మీద రెండు గదులు. ముప్పై కుర్చీలకు డెబ్భై మందిమి. సప్లయ్ చైన్ చెప్పే ఆయన రెండో నెలలోనే వేరే ఉద్యోగం చూసుకొని వెళ్ళిపోయాడు. బేస్‌మెంట్‌లో ఏడుగురం అమ్మాయిలం, ఒక బాత్‌రూమ్. ఒక కిరాణా స్టోర్‌లో క్యాషియర్ ఉద్యోగానికి రెజ్యూమే పట్టుకొని వరసలో నిలబడితే నా వెనక తోక వీధి మలుపు తిరిగింది. ఆ వరసలోనే ఫోన్‌లో చూశాను, చెక్క పడవలు కట్టడం నేర్పే రెండేళ్ళ కోర్సు ఒకటుందని. పర్మిట్ కాగితాలన్నీ సరిగ్గా మార్చుకునే వచ్చాను. పారిపోలేదు.

నా పేరు చెప్పిన ప్రసంగం నాన్న యూట్యూబ్‌లో చూశాడు. తలుపు చెక్కకు చిత్రిక పడుతూ మూడుసార్లు విన్నాడని అమ్మ చెప్పింది. మీరు యోనా అన్నారు కదా, యోనాను ఓడలోంచి విసిరేయడానికి ఆ నావికులు కూడా వెనకాడారు. మీరు వెనకాడలేదు.

వైకింగుల్లో దోచినవాళ్ళున్నారు. మనుషుల్ని పట్టుకెళ్ళి అమ్మినవాళ్ళూ ఉన్నారు. ఆ మచ్చ కడగడానికి నేను ఇక్కడికి రాలేదు. కానీ వెయ్యేళ్ళ కిందట వాళ్ళు ఈ ఒడ్డున దిగి కొంతకాలం ఉన్న చోటు మాకు దగ్గరే, చూసి వచ్చాం. అక్కడ తవ్వితే దొరికినవి ఏమిటనుకున్నారు? పడవ మేకులు. చిత్తడి నేలలోని ఇనుప మట్టిని కరిగించిన కొలిమి. పడవ బాగుచేస్తుంటే రాలిన చెక్కపేళ్ళు. నూలు వడికే రాతి బిళ్ళ, ఎముక సూది. వడ్రంగి, కమ్మరి, వడికే ఆడమనిషి. మన తాళ్ళరేవులో తాతగారి షెడ్డు తవ్వినా ఇంచుమించు ఇవే దొరుకుతాయి.

ఇంకొకటి. దేవుని ఆత్మతో నింపబడ్డాడని గ్రంథం పేరు పెట్టి చెప్పిన మొదటి మనిషి బోధకుడు కాదు. బెసలేలు. చెక్క చెక్కేవాడు. నా ఆరేళ్ళప్పుడు సండేస్కూల్లో ఇది నాకు చెప్పింది మీరే.

ఫేబీ

(పెద్దమ్మకు: పచ్చడి ముందే తిన్నాను.)

ఎటోబికో,
2023 నవంబరు 27.

అమ్మా ఫేబీ,

నీ జవాబులోని తారు వాసన ఇక్కడిదాకా కొట్టింది. బెసలేలు మాట నా మీదికే తిప్పావు. ఏ సెమినరీ గుమ్మమూ తొక్కనివాణ్ణి, వేర్‌హౌస్‌లో సరుకు పేర్చే చెక్క ప్యాలెట్లు సర్దుకుంటూ బ్రేక్ టైములో వాక్యం చదువుకున్నవాణ్ణి, ఇన్నేళ్ళలో నా నోరు మూయించినవాళ్ళు ఇద్దరే. ఒకరు మీ పెద్దమ్మ. రెండోది నువ్వు.

అయినా పేరు చెప్పడం సబబే. పౌలు పేతురును అందరి ముందే గద్దించాడు. పనితనం చూపించి పాపం కప్పకు. యెహెజ్కేలు తూరు ఓడను ఎంతగా పొగిడాడు! సరళవృక్షపు పలకలు, సింధూర మ్రాను తెడ్లు, సందులు పూడ్చే గెబలు పట్టణపు పెద్దలు. అంత పొగిడి చివరికి ఏమన్నాడు? నడిసముద్రంలో మునిగిందన్నాడు.

సరే, నీ ఆత్మ క్షేమం కోసం మూడు సంగతులు అడుగుతాను. పలకలు రంపంతో కోస్తున్నారా, గొడ్డలితో చీలుస్తున్నారా? ముందు పక్కటెముకలు నిలబెట్టి పలకలు తొడుగుతారా, పలకలు తొడిగాక ఎముకలు పెడతారా? పలకకూ పలకకూ మధ్య ఏం కూరుతున్నారు? మా నాన్న కొబ్బరి నార కూరి గుగ్గిలం నూనె పట్టించేవాడు. నేను బాడిస పట్టి ముప్పై ఏళ్ళు దాటింది. ఊరికే అడుగుతున్నాను.

పెదనాన్న

(ఊరికే కాదు. నీ ఉత్తరం వచ్చినప్పటి నుంచి డైనింగ్ టేబుల్ అంచు వేలితో రాసి చూస్తున్నారు, ఎవడు చేశాడో గాని ఎగుడుదిగుడు అంటున్నారు. — కృప)

సెయింట్ ఆంథనీ,
2024 జనవరి 25.

పెదనాన్నా,

మీ మూడు ప్రశ్నలు చదివి మా గురువు గిల్బర్ట్ గారికి చెప్పాను. డెబ్భై దాటిన మనిషి, అందరినీ ముద్దుగా 'మై డక్కీ' అంటాడు. బాతు అంటున్నాడేమిటని మొదటిరోజు నాకు కోపం వచ్చింది. ఆయన విని, "మీ పెదనాన్న బోధకుడన్నావు, పడవవాడని చెప్పలేదేం?" అన్నాడు.

రంపం లేదు. దుంగను మేకుచెక్కలు దింపి చీలుస్తాం. నార తెగకుండా పలక నిలువునా విడిపోతుంది. రంపం నారను అడ్డంగా కోసేస్తుంది కదా, ఇది కోయదు, అందుకే పలక పల్చగా ఉన్నా అలతోపాటు వంగుతుంది, విరగదు. ముందు పలకలే. ఒకదాని అంచు మీద ఇంకొకటి ఎక్కించి, ఇనుప మేకు దింపి, లోపలివైపు కొన మీద బిళ్ళ వేసి అణగగొడతాం. ఎముకలు తరువాత. సందుల్లో తారులో ముంచిన ఊలు పోగులు. మన పడవకు పలక పక్కన పలక ఆనుతుంది, దీనికి పలక పలకను కప్పుతుంది.

తెరచాప కూడా ఊలుదే. పడవ కట్టిన కాలం కంటే తెరచాప నేసిన కాలమే ఎక్కువట, అదంతా ఆడవాళ్ళ పని. కథల్లో వైకింగు చేతిలో గొడ్డలి చూస్తాం. ఆ గొడ్డలితో అతను బతుకంతా ఎక్కువగా చెక్కింది చెక్కనే. వర్తకులు జేబులో మడతపెట్టే చిన్న త్రాసు పెట్టుకొని తిరిగేవాళ్ళు, వెండి తూచి ఇచ్చి పుచ్చుకోవడానికి. గ్రీన్‌లాండ్ నుంచి వాల్రస్ అనే సముద్ర జంతువు దంతం, ఉత్తరాది నుంచి బొచ్చుతోళ్ళు. వాళ్ళ సమాధుల్లో ఎర్రరాతి పూసలు దొరికాయి, మన దేశం వైపు నుంచి చేతులు మారి వచ్చాయంటారు. స్వీడన్‌లో ఒక దీవిలో అరచేతిలో పట్టే బుద్ధుడి బొమ్మ కూడా దొరికింది. మీరు ఉలిక్కిపడకండి, దానికి మొక్కమని ఎవరూ అనడం లేదు.

ఇక్కడ కాగితం మీద బొమ్మ గీసి పడవ కట్టరు. కన్ను, చెయ్యి, గంట్లు పెట్టిన ఒక కర్ర. గిల్బర్ట్ గారు ఆ కర్ర తీసి చూపించగానే నాకు తాతగారి కొలకర్ర గుర్తొచ్చింది. నేను చూడలేదు గాని నాన్న ఎన్నిసార్లు చెప్పాడో. టేకు కర్ర, పదకొండు గంట్లు, అందులోనే తాళ్ళరేవు నావ మొత్తం ఉందని.

అసలు సంగతి ఇది. మే నెలలో మాలో ఒక్కొక్కరం ఒక చిన్న పడవకు అడుగుదూలం పెట్టాలి. అది పూర్తయితేనే సర్టిఫికెట్, దాని మీదే వర్క్ పర్మిట్. ఈ వారమే స్టూడెంట్ల సంఖ్యకు క్యాప్ అన్నారు, తలుపులు ఒక్కొక్కటే మూస్తున్నారు, నాకు రెండో అవకాశం ఉండదు. మా వాళ్ళ నావ కడతానని గిల్బర్ట్ గారికి మాటిచ్చాను. ఆయనకు సంతోషం పట్టలేదు. నాన్ననడిగితే, "కొలకర్ర మా అన్న దగ్గర భద్రంగా ఉంది, అడుగు" అన్నాడు.

కర్ర పక్కన కొలత టేపు పెట్టి ఫోటో తీసి పంపండి పెదనాన్నా. చాలు.

మీ ఫేబీ

ఎటోబికో,
2024 ఫిబ్రవరి 19.

ఫేబీకి,

నీ ఉత్తరం అందింది. పని ఒత్తిడి. కర్ర సామాన్లలో ఎక్కడో ఉండాలి, వెతకాలి.

అయినా ఒక చెక్కముక్క మీద అంత ఆశ పెట్టుకోవడం మంచిది కాదు. మోషే చేసిన ఇత్తడి సర్పాన్నే జనం పూజించడం మొదలుపెడితే హిజ్కియా ముక్కలు చేశాడు. మంచి రాజని పేరు తెచ్చుకున్నాడు. అక్కడి పడవ కొలతలే అడిగి కట్టు.

ఎలియాజరు

(ఈ ఇంట్లో సామాన్లన్నీ సర్దింది నేను. కర్ర ఏదీ నేను చూడలేదమ్మా. — కృప)

సెయింట్ ఆంథనీ,
2024 మార్చి 14.

పెదనాన్నా,

మీ ఉత్తరం నాలుగుసార్లు చదివాను. మొదటి ఉత్తరంలో నన్ను నిలువునా కడిగేశారు, అయినా అందులో మీరున్నారు. ఇందులో మీరు లేరు.

మా ఇంట్లో గుమ్మం పైన గోడకు రెండు చిలక్కొయ్యలున్నాయి. కూచుంటే కనబడేంత ఎత్తులో, అయిదు మూరల ఎడంగా. నాకు ఊహ తెలిసినప్పటి నుంచీ అవి ఖాళీ. అమ్మ ఒకసారి గొడుగు తగిలిస్తే నాన్న తీసేశాడు. "అది మా నాన్న కర్రకు. అన్నయ్య తెస్తాడు" అన్నాడు. "పెళ్ళయినప్పటి నుంచీ ఇదే మాట, మీ అన్న వచ్చేసరికి ఈ సరోజన ముసలిదైపోతుంది" అని అమ్మ ఎగతాళి చేసేది. కర్ర లేకుండా పడవ మొదలుపెట్టనని నాన్న తలుపులు, కిటికీలు చేసుకుంటూ ఉండిపోయాడు. ఎవరైనా పడవ కట్టమని వస్తే, "ఇంకొన్నాళ్ళు ఆగండి" అంటాడు. ఈ మధ్య ఎవరూ రావడం లేదు.

గిల్బర్ట్ గారి కథ చెప్తాను. ఇక్కడ ముప్పై ఏళ్ళ కిందట ప్రభుత్వం కాడ్ చేపల వేట ఆపేసింది. ఊళ్ళకు ఊళ్ళు ఖాళీ అయ్యాయి. ఆ చలికాలం వాళ్ళ అన్న, వాళ్ళ నాన్న చేసిన పడవ అచ్చులు మూడు పొయ్యిలో పెట్టాడట. "చలికి కాల్చాడు, వచ్చి నాతో చెప్పాడు, ఇద్దరం కూర్చొని గుర్తున్నంతవరకు మళ్ళీ గీశాం" అన్నాడు. ఇప్పుడు షెడ్డులో వేలాడేవి ఆ గీసుకున్నవే.

మీరు నన్ను ఒక్క ప్రశ్న అడిగారు, జవాబు రాశాను. ఇప్పుడు నేను ఒక్కటే అడుగుతాను. ఆ కర్ర ఉందా?

ఫేబీ

ఎటోబికో,
2024 ఏప్రిల్ 8.

అమ్మా,

లేదు.

ఈ ఒక్క మాట రాయడానికి మూడు వారాలు పట్టింది. వారం వారం నిలబడి గంటసేపు మాట్లాడేవాణ్ణి, రెండక్షరాలు రాయలేకపోయాను.

1989. మా నాన్న పోయి ఏడాది. నాకు ఇరవై ఆరు, మీ నాన్నకు ఇరవై రెండు. యానాంలో మూడు రోజులు ఉజ్జీవ కూటాలు. ఎఫెసులో మారుమనసు పొందినవాళ్ళు తమ మంత్రపు పుస్తకాలు తెచ్చి అందరి ముందు కాల్చారని ఆ బోధకుడు చెప్పాడు. మంట వేయించాడు. ఒకడు తాయెత్తు వేశాడు, ఒకడు పేకముక్కలు, ఒకామె సినిమా పాటల క్యాసెట్లు. నా దగ్గర వేయడానికి ఏమీ లేదు ఫేబీ. బీడీ అలవాటు లేదు, తాయెత్తు లేదు. అందరూ ఏదో ఒకటి వదులుకుంటుంటే ఖాళీ చేతులతో నిలబడటం నాకు సిగ్గనిపించింది. అదీ నిజం. భక్తి కాదు, సిగ్గు.

రెండో రోజు పొద్దున సైకిలు మీద ఇంటికి పోయి కొలకర్ర తెచ్చాను. పడవ నీళ్ళలోకి దింపే రోజున వేటకు పోయేవాళ్ళు వచ్చి ఆ కర్రకు పసుపు పూసి కుంకుమ పెట్టేవాళ్ళు. మా నాన్న సంఘపెద్ద అయివుండి కూడా వద్దనేవాడు కాదు. "పడవ వాళ్ళది, సంతోషం వాళ్ళది, కడిగితే పోతుంది" అనేవాడు. గంట్ల సందుల్లో పసుపు మిగిలిపోయేది. ఆ పసుపు చూపించి, ఇది మా ఇంటి విగ్రహం అని అరిచాను. మంటలో వేశాను. ఏళ్ళ తరబడి నూనె తాగిన కర్ర కదా, అన్నిటికంటే పెద్ద మంట లేచింది. జనం హల్లెలూయా అన్నారు. ఆ బోధకుడు నా భుజం మీద చెయ్యి వేసి సాక్ష్యం చెప్పమన్నాడు. ఆ రోజు మొదలుపెట్టిన నోరు ఇప్పటిదాకా ఆపలేదు. నా పరిచర్య అంతా ఆ ఒక్క మంట మీద నిలబడింది.

కూటానికి మీ నాన్న రాలేదు, యానాం అవతల పనిలో ఉన్నాడు. వారం తరువాత వచ్చి, "అన్నయ్యా, కర్ర ఏది?" అన్నాడు. నిజం చెప్పే ధైర్యం చాల్లేదు. "నా పెట్టెలో భద్రంగా ఉంది, నువ్వు సొంత షెడ్డు వేసుకున్నాక ఇస్తా" అన్నాను. అతను షెడ్డు వేశాడు. గుమ్మం పైన చిలక్కొయ్యలు ఆ కర్ర కోసమేనన్న సంగతి నీ ఉత్తరం చూసేదాకా నాకు తెలియదు. అతని పెళ్ళికి వెళ్ళినప్పుడు అడిగాడు, మరిచిపోయానన్నాను. కెనడా వచ్చేటప్పుడు అడిగాడు, ప్యాకింగులో ఉందన్నాను. ఆ తరువాత నేనే వెళ్ళడం మానేశాను. ఫోన్ తగ్గించాను. పరిచర్యలో తీరిక లేదనుకుంటాడని ధైర్యం.

పేతురు మూడుసార్లు బొంకి కోడి కూయగానే బయటికి పోయి ఏడ్చాడు. నాకు ముప్పై అయిదేళ్ళుగా కోడి కూస్తూనే ఉంది, నేను ఇంకా గట్టిగా ప్రసంగం చేసి ఆ కూత వినబడకుండా చేసుకున్నాను.

ఇంకొకటి ఎవరికీ తెలియదు. ప్రకటన గ్రంథం చివర పరలోక పట్టణం దిగివస్తుంది కదా. సూర్యకాంతపు గోడ, ముత్యాల గుమ్మాలు, అన్నీ బోధించాను. ఒక్క వచనం మాత్రం దాటేస్తూ వచ్చాను. ఆ పట్టణాన్ని కొలవడానికి దూత చేతిలో ఏముందో చూడు. బంగారు కొలకర్ర. పరలోకంలో కూడా పనికొచ్చే వస్తువును నేను జనం మెప్పు కోసం కాల్చాను. నిన్ను దొంగల పక్షం చేరావన్నాను. తమ్ముడి చేతిలో పని దోచినవాణ్ణి నేను.

మీ నాన్నకు నువ్వే చెప్పు. నా వల్ల కాదు.

ఎలియాజరు

సెయింట్ ఆంథనీ,
2024 ఏప్రిల్ 22.

పెదనాన్నా,

నేను చెప్పను.

కోపంతో రెండు రోజులు షెడ్డుకే పోలేదు. మీ మీద కంటే ఆ చిలక్కొయ్యల మీద ఎక్కువ కోపం వచ్చింది. నాన్న వాటిని చూసినన్ని సార్లు అద్దం కూడా చూసుకోలేదు. కర్ర కాలిందన్న మాట నా నోటి నుంచి వింటే, అన్నయ్య ఇప్పటికీ చెప్పలేకపోయాడని ఇంకో దెబ్బ తగులుతుంది. అది మీరే చెప్పాలి. సంఘం ముందు నా పేరు చెప్పడానికి మీకు మూడు వారాలు పట్టలేదు.

నిన్న గిల్బర్ట్ గారికి అంతా చెప్పాను. తిట్టలేదు. "కర్ర పోయింది సరే, దాన్ని పట్టుకున్న చేతులు ఏవి?" అన్నాడు. అప్పుడు నాకు నాన్న చెప్పింది గుర్తొచ్చింది. కొలకర్రకు రెండు చివర్లు. మొన వైపు చివర ఆరు గంట్లు, వెనక వైపు చివర అయిదు. తాతగారు కొలుస్తుంటే మొన వైపు మీరు, వెనక వైపు నాన్న పట్టుకునేవాళ్ళు. "ఎవడి చివర వాడు చూసుకోండి, పక్కవాడి చివర చూస్తే ఇద్దరూ తప్పుతారు" అని తాతగారు కేకలేసేవారట. అంటే మీకు ఆరు తెలుసు, నాన్నకు అయిదు తెలుసు. పదకొండూ ఎవరికీ తెలియవు.

మే 13 సోమవారం నా అడుగుదూలం పెడతారు. దూలం పొడవు కోశాక మార్చడం ఉండదు. నాన్నతో మాట్లాడండి. ఆ తరువాత నాకు రాయండి.

ఫేబీ

ఎటోబికో,
2024 మే 5, ఆదివారం.

అమ్మా ఫేబీ,

ఈ ఉత్తరం వెనకే ఒక పొడవాటి పార్సిల్ వస్తుంది. ఎక్స్‌ప్రెస్‌లో పంపుతున్నాను, గురువారానికి అందుతుందన్నారు. అందులో ఉన్నది ప్యాలెట్ చెక్క. వేర్‌హౌస్‌లో విరిగిన ప్యాలెట్లలో గట్టి చెక్క ఏరి, సూపర్‌వైజర్‌నడిగి తెచ్చుకున్నాను. వారం రోజులు గరాజ్‌లో దాని ముందు నిలబడ్డాను. తలలో వెతికితే ఒక్క కొలతా రాలేదు. కళ్ళు మూసుకొని, మా నాన్న అరుస్తున్నాడనుకొని, కర్ర చివర పట్టుకుంటే బొటనవేలు దానంతట అదే జరిగింది. ఆగిన చోటల్లా గంటు పెట్టాను. మొన ఎత్తు, మూర మీద బెత్తెడు. మొదటి పలక ఒంపు, జాన తక్కువ రెండు మూరలు. అలా ఆరు. మూడోసారి చేసినా అవే చోట్ల ఆగింది. ఆ ఆరింటికి నేను పూచీ. అవతలి చివర నున్నగా చిత్రిక పట్టి వదిలేశాను. అటు నాకు తెలియదు, నేనెప్పుడూ చూడలేదు.

మీ నాన్నకు శుక్రవారం ఫోన్ చేశాను. అక్కడ సాయంత్రం. చెక్కకు చిత్రిక పడుతున్న చప్పుడు వినబడుతోంది. మొత్తం చెప్పాను. మంట, హల్లెలూయా, పెట్టెలో భద్రం, అన్నీ. వచనం ఒక్కటీ చెప్పలేదు, చిత్రిక చప్పుడు ఎప్పుడు ఆగిందో నాకు తెలియలేదు. అప్పుడు అన్నాడు:

"అయితే ఆ చిలక్కొయ్యలకు గొడుగు తగిలించుకోమని సరోజనకు చెప్తాలే అన్నయ్యా."

పెట్టేశాడు. నిన్న నాలుగుసార్లు చేశాను. ఎత్తలేదు. తిట్టినా బాగుండేది. అన్నయ్యా అని ఎందుకన్నాడో అర్థం కాక మీ పెద్దమ్మ ముందు ఏడ్చాను. "తిట్టడానికి ఆయనకు ముప్పై అయిదేళ్ళ టైము కావాలి, మీరు ఒక్క రోజు ఇచ్చారు" అంది.

ఈ రోజు ఆరాధనలో నీకు చెప్పినదంతా సంఘానికి చెప్పాను. అక్టోబరులో నీ పేరు చెప్పిన అదే చోట నిలబడి నా పేరు చెప్పాను. ఎవరూ హల్లెలూయా అనలేదు. ఒక కుర్రాడు లేచి, "అంకుల్, ఇక ప్రసంగం ఎవరు చేస్తారు?" అన్నాడు. కొన్నాళ్ళు ఎవరైనా చదవండి, నేను కుర్చీలు సర్దుతాను అన్నాను. బ్రేక్ రూమ్‌లో చదువుకున్న వాక్యం ఎక్కడికీ పోదు. నోరే కొంచెం విశ్రాంతి తీసుకోవాలి.

ఇప్పుడు విను. ఇది బోధ కాదు, బతిమాలడం. మీ నాన్న నా ఫోన్ ఎత్తడు, నీది ఎత్తుతాడు. మా ఇద్దరికీ సమాధానం కుదిరేదాకా ఆగాలని నువ్వనుకుంటావు, నాతో మాట్లాడాకే రాయమన్నావు కూడా. ఆగకు. క్షమించడం ఆయన ఇష్టం, దానికి ఏళ్ళు పట్టవచ్చు, పట్టకపోనూవచ్చు. నా పాపానికి నీ దూలం ఆగకూడదు. ఆ అయిదు గంట్లూ ప్రపంచంలో ఒక్క మనిషి బొటనవేలిలో ఉన్నాయి. ఆ మనిషి ఇప్పుడు తలుపులకు చిత్రిక పడుతున్నాడు, నా మీద కోపంతో ఇకమీదట కర్ర మాటే తలచుకోనని ఒట్టు పెట్టుకునేంత పట్టుదల మా వంశానికుంది. నేను కర్రను ఒక్క పూటలో కాల్చాను. ఆయన మరిచిపోవడానికి కూడా ఒక్క పూట చాలు.

కాబట్టి పార్సిల్ కోసం కూడా చూడకు. ఉత్తరం ముందు అందితే ఉత్తరం చాలు. నా పేరు ఎత్తకు. నీ పడవ గురించి చెప్పు, గిల్బర్ట్ గారి గురించి చెప్పు, పలక మీద పలక ఎలా ఎక్కుతుందో చెప్పు, మీ నాన్న తప్పకుండా వాదిస్తాడు. వాదించనివ్వు. వాదిస్తూ కర్ర చేతికి తీసుకోమను, ఏదో ఒక కర్ర, చీపురుకర్రైనా సరే. కళ్ళు మూసుకోమను. వెనక చివర పట్టుకోమను. బొటనవేలు ఆగిన చోటల్లా అమ్మను గీత పెట్టమను.

మొదటి ఉత్తరంలో నీకు నేడే రా అని రాసింది ఎందుకో నాకే తెలియదు. ఇప్పుడు తెలుసు. కుర్చీలోంచి లే ఫేబీ. వాళ్ళకు పొద్దుపోకముందే ఫోన్ తియ్యి. మీ నాన్నకు నేడే చెయ్యి.

ఎలియాజరు